ఆస్టా నీల్సన్: డెన్మార్క్‌లో నాలుగే సినిమాలు, మిగతావన్నీ జర్మనీలో. ఎందుకని? ఏ ప్రింటు చూడాలి?

మూకీప్రియ అడిగిన ప్రశ్న

అందరికీ నమస్కారం. డేనిష్ మూకీ సినిమాల నటి ఆస్టా నీల్సన్ (1881–1972) కెరీర్ మీద ఒక వ్యాసానికి నోట్స్ రాసుకుంటున్నాను. సినిమాల పేర్లు, సంవత్సరాలు దొరికాయి. వాటి వెనక ఉన్న లెక్క మాత్రం అందట్లేదు. సందేహాలు ఇవి:

1910లో 'అఫ్‌గ్రుండెన్' (అంటే అగాధం) ఒక్కటే ఆవిడని యూరప్ అంతటా స్టార్‌ని చేసిందంటారు. ముప్ఫై ఎనిమిది నిమిషాల సినిమా అంత పని ఎలా చేసింది? కోపెన్‌హాగన్‌లో నార్డిస్క్ లాంటి పెద్ద కంపెనీ ఉండగా 1911లోనే జర్మనీకి ఎందుకు వెళ్లింది? 1921 'హామ్లెట్'లో ఆవిడది మగవేషమా, ఇంకేదైనానా? 1925లో పాబ్స్ట్ తీసిన 'ఆనందం లేని వీధి'లో ఆవిడ పేరు ముందు వరసలో ఉంది, నా దగ్గరున్న కాపీలో మాత్రం అలా వచ్చి ఇలా పోతోంది. ఎక్కడ తేడా వచ్చింది?

చివరిది, అసలు ఇబ్బంది. ఆవిడ నటన 'అణచిపెట్టిన నటన' అని చదివాను. ఆన్‌లైన్‌లో దొరికిన వీడియోలో మాత్రం అందరూ గబగబా బొమ్మల్లా కదులుతున్నారు. అణచిపెట్టడం ఎక్కడుందో కనబడలేదు.

రీలుడబ్బా

మంచి ప్రశ్నలు అడిగారు. మొదటి రెండిటికీ కలిపి చెప్తాను, ఎందుకంటే రెండిటికీ సమాధానం ఒకటే: సినిమాని అమ్మే పద్ధతి మారింది. ఆ మార్పు జరిగిన ఏడాదికి సరిగ్గా ఈవిడ సినిమా చేతికొచ్చింది.

ముందు నేపథ్యం. 1881 సెప్టెంబర్ 11న కోపెన్‌హాగన్ వెస్టర్‌బ్రో పేటలో పుట్టింది. తండ్రి కమ్మరి, తరచూ పని దొరకని మనిషి. తల్లి బట్టలు ఉతికేది. రాయల్ థియేటర్ నటన బడిలో సీటు దొరికింది, 1902లో చదువు పూర్తయింది. ఆ తరవాత ఎనిమిదేళ్లు రంగస్థలం మీదే ఉంది: డాగ్మార్ థియేటర్, నార్వే, స్వీడన్ పర్యటనలు, మళ్లీ కోపెన్‌హాగన్‌లో 'డెట్ నీ టియాటర్'. పెద్ద వేషాలు రాలేదు. సన్నటి మనిషి, లోతైన గొంతు, పెద్ద నల్లకళ్లు. ఆనాటి నాయిక పాత్రలకి నాటకాలవాళ్లు అనుకున్న కొలతలకి సరిపోలేదు. అదే థియేటర్‌లో రంగాలంకరణ చూసే ఉర్బన్ గాడ్ (తరవాత ఈవిడ భర్త), ఈవిడ కలిసి ఒక సినిమా తీస్తే నాటక నిర్మాతల కంట్లో పడొచ్చనుకున్నారు. 'కోస్మోరామా' సినిమా హాలు మేనేజరు యాల్మార్ డేవిడ్‌సెన్ డబ్బు పెట్టాడు. ఖర్చు సుమారు 8,000 క్రోనర్లు. కెమెరా ఆల్ఫ్రెడ్ లిండ్. 1910 సెప్టెంబర్ 12న విడుదల. అంటే స్టార్‌ని తయారుచేద్దామని తీసిన సినిమా కాదది. నాటకంలో మంచి వేషం కోసం పెట్టుకున్న అర్జీ.

ఇక వ్యాపారం. అప్పట్లో జర్మనీలో సినిమాని బట్టల తానులా మీటరు లెక్కన అమ్మేవారు, కొత్త సరుకైతే మీటరుకి సుమారు ఒక మార్కు. ఎవరైనా కొనచ్చు, ఎక్కడైనా ఆడించచ్చు. ఒకే వీధిలో మూడు హాళ్లు ఒకే బొమ్మ వేసుకున్నా అడిగే నాథుడు లేడు. కాబట్టి ఒక్క సినిమా మీద పోస్టర్లకీ ప్రకటనలకీ డబ్బు తగలేసే పని ఎవరూ పెట్టుకోలేదు. ప్రేక్షకుడు 'సినిమాకి' వెళ్లేవాడు, 'ఫలానా సినిమాకి' కాదు. హాలు కార్యక్రమం అంటే పది, పదిహేను నిమిషాల ముక్కలు ఏడెనిమిది. అవి వారానికి రెండుసార్లు మారేవి.

'అఫ్‌గ్రుండెన్'ని డ్యూసెల్డార్ఫ్ పంపిణీదారు లుడ్విగ్ గాట్‌షాల్క్ 1910 చివర్లో వేరేరకంగా వదిలాడు. ఒక ఊళ్లో, ఒక ప్రాంతంలో ఒక్క హాలుకే హక్కు. దీన్నే 'మోనోపోల్' పద్ధతి అన్నారు. నైజాం, సీడెడ్ అని ఏరియాల వారీగా హక్కులమ్మే మన లెక్క తెలిసినవాళ్లకి దీని బలం విడమరచి చెప్పక్కర్లేదు. హక్కు తనొక్కడికే ఉన్నప్పుడు హాలువాడు ధైర్యంగా పేపర్లో ప్రకటన ఇస్తాడు, టికెట్ ధర పెంచుతాడు, రెండు మూడు వారాలు ఆడిస్తాడు. అయితే ప్రకటనలో పెట్టడానికి గుర్తుండే పేరు ఒకటి కావాలి. కంపెనీ పేరు చూసి జనం రారు, మొహం చూసి వస్తారు. ఆ పేరు ఆస్టా నీల్సన్ అయింది.

డెన్మార్క్ ఈ పనికి ఎందుకు చాల్లేదంటే, అక్కడి జనాభాకి అన్ని హాళ్లు లేవు. నార్డిస్క్ బలమంతా ఎగుమతులమీదే, పైగా ఆ కంపెనీకి తన ధ్రువపు ఎలుగుబంటి గుర్తే పెద్ద స్టార్. ఈవిడకోసం కథలు రాయించి, ఈవిడ పేరుమీద ఏడాది సరుకు ముందే అమ్మిపెడతామన్నది బెర్లిన్‌వాళ్లు. 1911లో డాయిష్ బయోస్కోప్ అనే బెర్లిన్ కంపెనీకి సినిమాలు మొదలయ్యాయి. అదే ఏడాది పౌల్ డేవిడ్‌సన్, ఉర్బన్ గాడ్, ఆస్టా కలిసి హక్కులు చేతిలో పెట్టుకునే పంపిణీ సంస్థ పెట్టారు. డేవిడ్‌సన్‌కి అప్పటికే యూనియన్ థియేటర్ల గొలుసు ఉంది. లెక్క ఏడాదికి ఎనిమిది సినిమాలు. హాలువాళ్లు ఆ సీజన్ 'ఆస్టా నీల్సన్ సిరీస్' మొత్తాన్ని సినిమాలు తీయకముందే బుక్ చేసుకోవాలి. నాలుగో సినిమాకి కథ కూడా అనుకోనప్పటికే దాని బాడుగ ఒప్పందం అయిపోయేది.

దీని నష్టం కూడా మీ వ్యాసంలో రాయండి. ఏడాదికి ఎనిమిదంటే ఆరున్నర వారాలకొకటి. కథ, దర్శకత్వం అన్నీ గాడ్‌వే. అందుకే 1911–14 మధ్య కథలు ఒకదాన్నొకటి పోలి ఉంటాయి: ప్రేమ, మోసం, పతనం, చావు. చాలా వాటిలో కథ పేలవంగా ఉంటుంది, ఆవిడ మాత్రం ఉండదు.

గాజుస్టూడియో

రీలుడబ్బా గారు వ్యాపారం చక్కగా చెప్పారు. ఒక చిన్న జాగ్రత్త: 'అఫ్‌గ్రుండెన్'ని డెన్మార్క్ మొదటి పొడుగు సినిమా అని మాత్రం రాయకండి. అదే 1910 ఏప్రిల్‌లో ఓర్హుస్ ఊరి ఫోటోరామా కంపెనీ 'తెల్ల బానిసల వ్యాపారం' కథని 700 మీటర్ల పైచిలుకు నిడివితో తీసి విడుదల చేసింది. నార్డిస్క్ దాన్ని మక్కీకి మక్కీ దించి తన సొంత సినిమాగా వదిలింది కూడా. పొడుగు సినిమాకి దారి అప్పటికే పడింది. 'అఫ్‌గ్రుండెన్' తెచ్చిన కొత్తదనం ఆ నిడివిని ఒక మనిషి లోపలి మార్పుకి వాడుకోవడం.

కథ చిన్నది. మాగ్డా పియానో టీచరు. ట్రామ్ దగ్గర పరిచయమైన పాస్టరు కొడుకుతో పెళ్లి కుదిరింది. వాళ్ల ఊరికి వెళ్లినప్పుడు సర్కస్ వస్తుంది. సర్కస్‌వాడు రుడాల్ఫ్ (పౌల్ ర్యూమర్ట్ వేశాడు) వెంట లేచిపోతుంది. వాడు ఏడిపిస్తాడు, చివరికి వాణ్ని కత్తితో పొడుస్తుంది. అంతే.

రెండు చోట్ల ఆపి, వెనక్కి తిప్పి చూడండి. ఒకటి గౌచో నృత్యం. ఆవిడ తాడుతో రుడాల్ఫ్‌ని కట్టేస్తుంది, నల్లటి బిగుతు దుస్తుల్లో వాడి చుట్టూ తిరుగుతూ నడుముతో, వీపుతో రాసుకుంటూ ఆడుతుంది. కొన్ని దేశాల సెన్సార్లు కత్తెర వేసింది దీనికే. కానీ చూడాల్సింది కెమెరా ఉన్న చోటు. ప్రేక్షకుల సీట్లవైపు నుంచి కాకుండా స్టేజీ పక్కనుంచి తీశారు. అంటే కథలోని ప్రేక్షకులకి ఆవిడ ఎదురుగా ఆడుతోంది, మనకి మాత్రం పక్కనుంచి కనిపిస్తోంది. మనకోసం ఆడట్లేదన్న భావన వస్తుంది. నాటకం ఫొటో తీసినట్టు ఉండే ఆనాటి పద్ధతికి ఇది పూర్తిగా ఎదురు.

రెండోది ముగింపు. హత్య అయ్యాక పోలీసులు తీసుకెళ్తారు. ఏడుపు లేదు, జుట్టు పీక్కోవడం లేదు, నుదుటిమీద చెయ్యి లేదు. కాళ్లు నడుస్తుంటాయి, ఒళ్లు మిగతా అంతా చచ్చినట్టు ఉంటుంది. క్లోజప్ కూడా లేదు. నిలువెత్తు మనిషిని దూరం నుంచి చూపిస్తూనే అంత పని చేయించుకున్నారు. ఆవిడ నటనంతా కళ్లల్లోనే ఉందని రాసేవాళ్లు ఈ దృశ్యాన్ని సరిగా చూసి ఉండరు. ఆవిడ వెన్నెముకతో నటిస్తుంది. భుజం ఎప్పుడు వాలుతుందో, మెడ ఎప్పుడు తిరగడం మానేస్తుందో గమనించండి.

స్టూడియో విషయం ఒకటి. డాయిష్ బయోస్కోప్ మొదట్లో బెర్లిన్ షాసీస్ట్రాసె 123లో మేడపై అంతస్తులో షూటింగులు చేసేది. సులువుగా అంటుకునే ఫిల్ముతో ఇళ్లమధ్య పని చేయడం కుదరదని అగ్నిమాపకం తరఫున అభ్యంతరాలొచ్చాయి. కెమెరామన్ గీడో సీబర్ ఊరిబయట నోయ్‌బాబెల్స్‌బెర్గ్‌లో మూతపడ్డ కృత్రిమ పూల ఫ్యాక్టరీ పక్కన స్థలం చూసి, గాజు గోడల, గాజు కప్పు స్టూడియో కట్టించాడు. ఫిల్ము అంత సున్నితం కాదు, దీపాలు చాలవు. ఎండే ఆధారం, అందుకే గాజు. 1912 ఫిబ్రవరి 12న అక్కడ మొదటి షూటింగ్ మొదలైంది: ఆస్టా నటించిన 'మృత్యునృత్యం'. ఈనాటి బాబెల్స్‌బెర్గ్ స్టూడియో చరిత్రలో మొదటి సినిమా ఒక డేనిష్ నటిది. సీబర్ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

ఫ్రేమ్‌లెక్క

'గబగబా బొమ్మల్లా' అన్న మాటకి నేను జవాబు చెప్తాను. లోపం ఆవిడది కాదు, మీ వీడియోది.

35 ఎంఎం ఫిల్ములో అడుగుకి 16 ఫ్రేములు, మీటరుకి సుమారు 52 న్నర. 300 మీటర్ల రీలంటే దాదాపు 15,750 ఫ్రేములు. కెమెరా, ప్రొజెక్టర్ చేత్తో తిప్పే రోజుల్లో సెకనుకి 16 నుంచి 20 ఫ్రేముల దాకా ఎవరి చెయ్యి వాళ్లది. అదే రీలు 16తో ఆడిస్తే 16 నిమిషాల 24 సెకన్లు, 18తో అయితే 14 నిమిషాల 35 సెకన్లు. టాకీల లెక్క 24తో ఆడిస్తే 10 నిమిషాల 56 సెకన్లకే అయిపోతుంది. అంటే ఆవిడ రెండు సెకన్లు ఆగి చూసిన చూపు మీకు సెకనున్నర కూడా కనబడదు. ఆవిడ నటనకి ప్రాణమే ఆ ఆగడం. పక్కవాళ్లు చేతులూపే నటన వేగం పెరిగినా నటనలాగే ఉంటుంది. ఈవిడ మౌనం మాత్రం వేగం పెరిగితే మాయమైపోతుంది.

కాపీ మంచిదో కాదో తేల్చుకునే పద్ధతి:

మొదట నిడివి చూడండి. 'అఫ్‌గ్రుండెన్' 25–28 నిమిషాల్లో అయిపోతే అది వేగంగా తిప్పిందో, ముక్కలు పోయిందో. 38 దగ్గర ఉంటే సరే.

తరవాత కదలికలు చూడండి. ఆవిడని వదిలేసి వెనకాల రోడ్డుమీద నడిచేవాళ్లని, ఒంపుతున్న నీళ్లని, కింద పడే గుడ్డని చూడండి. నటులు కావాలని వేగం మార్చుకోవచ్చు, పడే వస్తువు మార్చుకోదు.

మూడోది, ఒక్కో ఫ్రేము ముందుకు జరిపే బటన్ మీ ప్లేయర్లో ఉంటుంది, దాంతో పది పదిహేను ఫ్రేములు నొక్కి చూడండి. ప్రతి మూడు ఫ్రేముల తరవాత ఒకటి కదలకుండా అలాగే ఉండిపోతే, 18ని 24కి సర్దడానికి ఫ్రేములు రెట్టించారన్నమాట. రెండింటికోసారి ఆగితే 16ని 24 చేశారు. అలాంటి కాపీకి వేగం అప్పటికే సరిచేసి ఉంది, కొంచెం కుదుపు మాత్రం ఉంటుంది. దాన్ని మళ్లీ నెమ్మదిగా తిప్పకండి, అందరూ నీళ్లలో నడిచినట్టు ఉంటారు. ప్రతి ఫ్రేమూ కదులుతూ, మనుషులు పరిగెడుతూ ఉంటేనే నెమ్మదించాలి: 0.75 పెడితే 18, 0.67 పెడితే 16. సంగీతం సాగిపోతుంది కాబట్టి శబ్దం ఆపేయండి. ఆ సంగీతం ఎలాగూ తరవాతెవరో జోడించిందే.

రంగు సంగతి. ఆనాటి ఫిల్ము ఎరుపుని పట్టదు, నీలాన్ని ఎక్కువ పడుతుంది. ఎర్రటి పెదవి నల్లగా వస్తుంది, నీలికళ్లు గాజుగోళీల్లా తెల్లబోతాయి, ఆకాశం ఖాళీ కాగితంలా ఉంటుంది. తెల్లటి మొహం, నల్లజుట్టు, నల్లకళ్లు ఉన్న ఈవిడని ఆ ఫిల్ము తనకోసమే పుట్టించినట్టు పట్టుకుంది. రంగస్థలం మీద వేషాలు రాకుండా అడ్డుపడిన రూపమే తెరమీద పనికొచ్చింది.

ఇంకో మోసం ఉంది: రాత్రి దృశ్యాలు పగలే తీసి, ప్రింటుని నీలిరంగులో ముంచేవారు. ఇంటిలోపలి దీపాల వెలుతురుకి పసుపు, మంటలకి ఎరుపు. తరవాత ఎవరో నలుపు తెలుపులోకి కాపీ చేశాక ఆ నీలం పోయింది. ఇప్పుడు మిట్టమధ్యాహ్నం లాంతరు పట్టుకుని తడుముకుంటూ నడిచే మనిషి కనబడతాడు. అది దర్శకుడి తప్పు కాదు, రంగు పోయిన ప్రింటు.

మూకీప్రియ

ఫ్రేమ్‌లెక్క గారూ, చూశాను. నా వీడియో 27 నిమిషాలు, ఫ్రేములు ఎక్కడా రెట్టించలేదు. 0.75 పెట్టి చివరి దృశ్యం మళ్లీ చూస్తే ఇది వేరే సినిమాలా ఉంది. ధన్యవాదాలు.

ఇప్పుడు 'హామ్లెట్', పాబ్స్ట్ సినిమాల సంగతి చెప్పండి. ఇంకోటి: ఎప్పుడూ చచ్చిపోయే పాత్రలేనా, హాస్యం ఏమీ చేయలేదా?

గాజుస్టూడియో

చేసింది, చాలా బాగా చేసింది. దాన్ని వదిలేస్తే వ్యాసం సగమే అవుతుంది. 1914 'ఎంగెలైన్' (చిన్ని దేవత) చూడండి. ఆస్తి తగాదా వల్ల పదిహేడేళ్ల పిల్ల అమెరికా నుంచొచ్చిన మామయ్య ముందు పన్నెండేళ్ల పాపలా నటించాలి. అప్పటికి ఆస్టాకి 32. ముప్ఫై రెండేళ్ల నటి, పదిహేడేళ్ల పిల్లగా ఉంటూ, పన్నెండేళ్ల పిల్లగా నటిస్తోంది. మూడు వయసులూ నడకలో విడివిడిగా కనబడతాయి. ఎవరూ చూడనప్పుడు మోకాళ్లు ఒకలా, మామయ్య గదిలోకి రాగానే పాదాలు లోపలికి తిరిగి ఇంకోలా. అదీ శరీరం మీద పట్టు అంటే. 'ప్రేమ ఓనమాలు' (1916), 'ఎస్కిమో పాప' (విడుదల 1918) కూడా హాస్యాలే. 1914లో యుద్ధం మొదలయ్యాక ఫ్రాన్స్, బ్రిటన్, రష్యా మార్కెట్లు మూసుకుపోయాయి, గాడ్‌తో కాపురం, పని రెండూ విడిపోయాయి. ఆ కాలపు సినిమాల్ని చాలామంది దాటేస్తారు, దాటకండి.

'హామ్లెట్' మగవేషం కాదు. ఈ తేడా స్పష్టంగా రాయాలి. 1900లో సారా బెర్న్‌హార్ట్ హామ్లెట్‌గా కత్తియుద్ధం చేసిన చిన్న ఫిల్ము ఉంది. అది ఒక స్త్రీ వేసిన పురుష పాత్ర. ఆస్టా సినిమాలో హామ్లెట్ పాత్రే స్త్రీ. రాజు యుద్ధంలో చనిపోయాడన్న వార్త వచ్చిన వేళ రాణికి ఆడపిల్ల పుడుతుంది. వారసుడు లేకపోతే సింహాసనం పోతుందని మగపిల్లాడని చాటిస్తుంది. తీరా రాజు బతికి వస్తాడు, అబద్ధం మాత్రం వెనక్కి తీసుకోలేరు. హామ్లెట్ స్త్రీయే అయి ఉండాలని 1881లో అమెరికన్ రచయిత ఎడ్వర్డ్ వైనింగ్ వాదించిన పుస్తకం దీనికి ఒక ఆధారం. అప్పుడు నాటకంలోని ముడులన్నీ వేరేగా విప్పుకుంటాయి: హామ్లెట్ ప్రేమించేది హొరేషియోని, హొరేషియో చూసేది ఒఫీలియా వైపు. హామ్లెట్ చనిపోయాక ఒంటిమీద చెయ్యి పడ్డప్పుడే హొరేషియోకి నిజం తెలుస్తుంది. దర్శకులు స్వెండ్ గాడె, హైంట్స్ షాల్. నిర్మాణం ఆస్టా సొంత సంస్థ ఆర్ట్‌ఫిల్మ్. కథ ఎంపిక నుంచి అన్నీ ఆవిడ చేతిలో ఉన్న సినిమా కాబట్టి కెరీర్‌కి దీన్నే మధ్యస్తంభంగా పెట్టుకోండి.

ప్రింటు జాగ్రత్త: చాలాకాలం తిరిగింది అమెరికా విడుదలకి చెందిన నలుపు తెలుపు ప్రింటు. 2005లో జర్మన్ విడుదల తాలూకు రంగులద్దిన కాపీ బయటపడింది. ఫ్రాంక్‌ఫర్ట్ ఫిల్మ్ సంస్థ దాన్ని బాగుచేయగా 2007 బెర్లిన్ ఉత్సవంలో చూపించారు. ఎగుమతి సినిమాలకి రెండు కెమెరాలు పక్కపక్కన పెట్టో, అదే దృశ్యం మళ్లీ చేయించో రెండో నెగటివ్ తయారుచేయడం ఆ రోజుల్లో మామూలే. కాబట్టి రెండు ప్రింట్లలో ఒకే దృశ్యం కోణం, నటన కొంచెం తేడాగా ఉంటే కంగారుపడకండి. ఏ ప్రింటు చూసి రాస్తున్నారో మీ వ్యాసంలో చెప్పండి చాలు.

'ఆనందం లేని వీధి'. ఇక్కడ జరిగింది అన్యాయం. యుద్ధం తరవాత డబ్బు విలువ పడిపోయిన వియన్నా, మాంసం కోసం రాత్రంతా క్యూ, ఆ క్యూలో ఇద్దరమ్మాయిల కథలు. ఒకటి గ్రెటా గార్బోది, అప్పటికి పందొమ్మిదేళ్లు. రెండోది ఆస్టాది, మరియా లెఖ్నర్ పాత్ర, నలభై మూడేళ్లు. రెండు కథలూ సమానంగా నేసిన గుడ్డ అది. హత్య, పోలీసు విచారణ అంతా ఆస్టా వైపు ఉంది, సెన్సార్ కత్తెర ముందు పడింది దానిమీదే. తరవాత గార్బో హాలీవుడ్‌లో పేరు తెచ్చుకునేసరికి, విదేశీ పంపిణీదారులు దీన్ని గార్బో సినిమాగా అమ్ముకోవడానికి మిగిలిన ఆస్టా దృశ్యాలు కూడా తీసేశారు. మీ కాపీ గంటన్నర లేదా అంతకన్నా తక్కువ ఉందంటే అలాంటిదే. మ్యూనిక్ ఫిల్మ్ మ్యూజియం దేశదేశాల ప్రింట్ల ముక్కలు ఏరి బాగుచేసినది సుమారు రెండున్నర గంటలు ఉంటుంది. అది దొరికేదాకా ఈ సినిమాలో ఆవిడ నటన గురించి ఒక్క వాక్యం కూడా రాయొద్దని నా మనవి. దీని ఛాయాగ్రాహకుల్లో గీడో సీబర్ ఉన్నాడు. 1912లో ఆవిడని గాజు కప్పు కింద ఎండలో తీసిన మనిషే 1925లో చీకటి వీధి దీపాల కింద తీశాడు, 1927లో 'వేశ్య విషాదం' కూడా ఆయనే తీశాడు.

రీలుడబ్బా

ఏవి ఏ వరసలో చూడాలో నా లెక్క: 'అఫ్‌గ్రుండెన్', వెంటనే 'ఎంగెలైన్', ఆ తరవాత రంగుల 'హామ్లెట్', లియోపోల్డ్ యెస్నర్ తీసిన 'ఎర్డ్‌గైస్ట్' (1923, లులు పాత్ర), పొడుగు ప్రింటు 'ఆనందం లేని వీధి', చివర 'వేశ్య విషాదం'. ఆరు చాలు. 1913లో సినిమా తారగానే నటించిన 'ఫిల్మ్ ప్రిమడోన్నా' ముక్క దొరికితే మధ్యలో కలపండి. పూర్తి సినిమా మిగల్లేదు, కానీ ఆనాటి స్టూడియో లోపల పని ఎలా జరిగేదో అందులో కనబడుతుంది. లూబిచ్ దర్శకత్వంలో చేసిన 'రౌష్' (1919) పోయిన సినిమా, దాని కోసం వెతికి టైం పాడుచేసుకోకండి.

డేనిష్ సినిమాలు నాలుగూ బతికే ఉన్నాయి: 'అఫ్‌గ్రుండెన్', 1911లో 'నల్లని కల', 'బాలే నర్తకి', మళ్లీ ఎనిమిదేళ్లకి 1919లో 'వెలుగువైపు'. డేనిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ తన మూకీల సైటులో పాత సినిమాల్ని ఉచితంగానే చూపిస్తోంది, ముందు అక్కడ వెతకండి. జర్మన్‌వి వెతికేటప్పుడు ఒకే సినిమాకి దేశానికో పేరు ఉంటుందని మర్చిపోవద్దు. 'అఫ్‌గ్రుండెన్'నే ఇంగ్లిష్‌లో 'ది అబిస్' అన్నారు, 'ది ఉమన్ ఆల్వేస్ పేస్' అని కూడా అన్నారు. జర్మన్ నెగటివ్ పోయి డచ్ ప్రింటు మిగిలినవి ఉన్నాయి. ఆమ్‌స్టర్‌డామ్‌లో ఝాన్ డెస్మెట్ అనే పంపిణీదారు తన సరుకంతా దాచిపెట్టడం ఆ కాలపు సినిమాలకి పెద్ద అదృష్టం. అలాంటి ప్రింట్లలో టైటిల్ కార్డులు డచ్‌లో ఉంటాయి, పాత్రల పేర్లూ మారిపోతాయి. పాత్ర పేరు రాసేముందు జర్మన్ ప్రకటనలతో సరిచూసుకోండి. ఆవిడ సినిమాలు ఏ ఊళ్లో ఏ తేదీన ఆడాయో పాత పత్రికల ప్రకటనలు పోగుచేసిన 'ఇంపోర్టింగ్ ఆస్టా నీల్సన్' అనే డేటాబేస్ ఉంది, మోనోపోల్ సంగతి రాయడానికి అది బంగారు గని.

మూకీప్రియ

ఆఖరి ప్రశ్న. టాకీలు రావడంతో గొంతు బాగోక ఆగిపోయిందని ఒకచోట చదివాను. నిజమేనా?

గాజుస్టూడియో

కాదు. నాటకాల నుంచి వచ్చిన మనిషికి గొంతు సమస్య ఏమిటి? 1920ల రెండో సగంలో జర్మనీలో మళ్లీ రంగస్థలం మీద తిరిగింది కూడా. టాకీ ఒక్కటే చేసింది: 1932, ఎరిక్ వాష్‌నెక్ దర్శకత్వం, 'అసాధ్యమైన ప్రేమ'. శిల్పి పాత్ర, పెద్దపిల్లల తల్లి. అప్పటికి యాభై దాటింది. ఆ వయసు స్త్రీకి రాసే పాత్రలు తగ్గాయి, 1927 తరవాత సినిమాలు దాదాపు ఆగిపోయాయి. 1933లో నాజీలు వచ్చారు. సొంత నిర్మాణ సంస్థ ఇప్పిస్తామన్నా ఒప్పుకోకుండా ఆ దశకంలోనే డెన్మార్క్ తిరిగి వెళ్లిపోయింది. హిడెన్‌సే దీవిలో ఆవిడ వేసవి గడిపిన గుండ్రటి ఇల్లు 'కరుసెల్' ఇప్పటికీ ఉంది.

ఆ తరవాత డెన్మార్క్‌లో సినిమా పరిశ్రమ ఆవిడని పట్టించుకోలేదు. 1945–46లో రెండు సంపుటాల ఆత్మకథ వచ్చింది. గుడ్డముక్కలతో బొమ్మలు కూర్చే కళ చేపట్టింది. తనమీద మరొకరు తీస్తున్న డాక్యుమెంటరీ నచ్చక 1968లో తానే దర్శకత్వం వహించి ఇంకోటి తీసింది. అప్పటికి 86, 87 ఏళ్లు. ఆవిడ దర్శకత్వం చేసిన సినిమా అదొక్కటే. డేనిష్‌లో పాత దృశ్యాల్ని చూపిస్తూ తన గొంతుతో తానే మాట్లాడుతుంది. గొంతు గురించి రాసేముందు అది వినండి.